పదకొండుసార్లు చనిపోయిన మనిషితో నాలుగు రోజులు

దుబాయ్ వెళ్లొచ్చానని తెలిసిన ప్రతివాళ్లూ నన్ను ఆ ఆకాశమంత బిల్డింగు గురించే అడుగుతున్నారు. నేను దాన్ని చూడలేదు. అసలు దుబాయ్ ఊళ్లో అడుగే పెట్టలేదు. నేను వెళ్లింది అబూధాబి శివార్లలో ఉన్న ముసఫ్ఫాకి. మా జగిత్యాల వైపు గల్ఫ్ మొత్తాన్నీ దుబాయ్ అనే అంటారు కాబట్టి నేనూ అలాగే అంటున్నాను. అక్కడ ఉన్నది నాలుగు రోజులు. ఆ నాలుగు రోజుల్లో గుండె దడ లేకుండా గడిచిన సమయం మహా అయితే ఒక పూట ఉంటుందేమో.

నేను హైదరాబాద్‌లో ఒక ప్రైవేటు కాలేజీలో ఫ్రెంచ్ చెబుతాను. మా మిత్రులు నడిపే చిన్న ఫిల్మ్ క్లబ్ ప్రపంచ సినిమా నటుల మీద ఒక పుస్తకం వేస్తోంది. అందులో అల్జీరియా నటుడొకాయన మీద వ్యాసం నా వంతుకు వచ్చింది, ఫ్రెంచ్ తెలిసింది నాకొక్కదానికే కనుక. ఆయన పేరు తాహర్. ఎనభై రెండేళ్లు. కరోనా తర్వాత సొంత ఊరు వదిలి, అబూధాబిలో ఫార్మసిస్టుగా పనిచేసే కూతురు నవాల్ దగ్గరికి వచ్చి ఉంటున్నారు. ఆమెకు మెయిల్ రాస్తే జవాబు రెండు వాక్యాల్లో వచ్చింది. “తప్పకుండా రండి. కానీ తొందరగా రండి, నాన్నకి పేర్లు జారిపోతున్నాయి.”

ఆ రెండో వాక్యం చదివిన రోజు నుంచీ నాకు సరిగ్గా నిద్ర లేదు.

శంషాబాద్

మొదటి భయం గసగసాలతో మొదలైంది. నాతోపాటు బడిలో చదువుకున్న గంగారాం ముసఫ్ఫాలో ఒక కంపెనీ బస్సు నడుపుతాడు. నాకంటే రెండేళ్లు చిన్నయినా ఒకే తరగతి. నేను వెళ్తున్నానని తెలిసి వాళ్లావిడ లక్ష్మి కోరుట్ల నుంచి ఒక మూట పంపింది. సకినాలు, గరిజెలు. అందరూ పంపేవే. కానీ ఆ దేశంలో గసగసాలు మత్తుమందు కింద లెక్క, దొరికితే జైలే అని ఎక్కడో చదివాను. గరిజెల్లో మా వైపు కొందరు గసగసాలు కలుపుతారు.

లక్ష్మికి ఫోన్ చేశాను. “ఎయ్యలేదక్కా, కొబ్బెర, శక్కెర, పుట్నాల పొడి. అంతే” అంది.

నమ్మాను. విమానాశ్రయంలో బ్యాగు తూకం వేసే ముందు మళ్లీ అనుమానం వచ్చింది. కుర్చీలో కూర్చుని మూట విప్పి, మూడు గరిజెలు విరిచి, వెలుతురులో పట్టి చూశాను. గసగసాలు లేవు. విరిచినవి మళ్లీ లోపల పెట్టలేక మూడూ తినేశాను. పక్క కుర్చీలో నిజామాబాద్ వైపు మనిషి ఒకతను నన్నే చూస్తున్నాడు. అతనికీ ఒకటి ఇచ్చాను. “ఫస్ట్ టైమా మేడం?” అని అడిగి, “ఏం గాదు. కంట్ల కెమెరా వెడ్తరు, ముద్ర గొడ్తరు, ఖలాస్” అని ధైర్యం చెప్పాడు.

నిజంగా అంతే జరిగింది. బీపీ మాత్రల చీటీ చేతిలో పట్టుకుని నిలబడితే దాన్ని అడిగినవాళ్లే లేరు.

ముసఫ్ఫా

ముసఫ్ఫా అంటే మన బాలానగర్‌ని పదింతలు చేసి, చెట్లన్నీ తీసేసి, రోడ్లు మాత్రం నున్నగా వేసినట్టు ఉంటుంది. వరసగా గ్యారేజీలు, ఇనుప గేట్లు, టైర్ల దుకాణాలు. దాన్ని ఆనుకుని షాబియా అనే కాలనీ. అక్కడ మధ్యతరగతి కుటుంబాలు అపార్టుమెంట్లలో ఉంటాయి. నవాల్ ఇల్లు అక్కడే. కింద కేరళ వాళ్ల టీ కొట్టు, దాని పక్కన పాకిస్తానీ మంగలి, ఎదురుగా నెల్లూరు ఖాదర్ భాయ్ టైలరింగ్ షాపు. నేను ఎదురింటి అద్దె గదిలో దిగాను. చాయ్ రెండు దిర్హాములు. మన డబ్బుల్లోకి మార్చుకుంటే గొంతు దిగలేదు. రెండో రోజు నుంచి మార్చుకోవడం మానేశాను.

తాహర్ గారు పొడుగాటి మనిషి. వంగిపోయారు కానీ భుజాలు ఇంకా వెడల్పుగానే ఉన్నాయి. తెల్లటి మీసం. నన్ను చూసి కుడిచెయ్యి గుండె మీద పెట్టుకున్నారు. మన నమస్కారంలో ఉండే దూరం అందులో లేదు. కూర్చోమని చూపించిన కుర్చీ వీపు తలుపువైపు ఉంది. తను మాత్రం గోడకు ఆనుకుని, తలుపు కనపడేలా కూర్చున్నారు. నవాల్ వంటింట్లోకి నన్ను పిలిచి చెప్పింది.

“నాన్న ఎక్కడైనా అలాగే కూర్చుంటారు. హోటల్లో ఆ చోటు దొరక్కపోతే తినకుండానే వచ్చేస్తారు.”

“ఎప్పటినుంచి?”

“నాకు ఊహ తెలిసినప్పటి నుంచి.”

ఆ మధ్యాహ్నం ఆయన మూడు గంటలు మాట్లాడారు. ఫోన్ బల్లమీద పెట్టి రికార్డు చేశాను. పదిహేడేళ్లకి ఓడ ఎక్కి ఫ్రాన్స్‌లోని మార్సెయ్ వెళ్లడం, అక్కడ భవనాలు కట్టే చోట ఇసుక మోయడం, ఎనిమిదిమంది ఒక గదిలో వంతులవారీగా పడుకోవడం. దేశానికి స్వాతంత్ర్యం రాగానే తిరిగి రావడం. యుద్ధం మీద సినిమా తీస్తున్నవాళ్లకు ఎముకలు కనపడే కుర్రవాడు కావలసి వచ్చింది. ఆయన కనపడ్డారు. మొదటి సినిమాలో వేషం ఒకటిన్నర నిమిషం. గుట్ట ఎక్కుతూ తూటా తగిలి పడిపోవడం.

“బాగా పడ్డానట. దాంతో అందరూ నన్ను చంపడానికే పిలిచేవారు. పదకొండు సినిమాల్లో చచ్చిపోయాను మదామ్. మా అమ్మ మూడో సినిమా తర్వాత హాలుకి రావడం మానేసింది.”

తర్వాత కూలీ వేషాలు, పోస్ట్‌మాన్, గుడ్డి గాయకుడు. తొంభైల్లో దేశం నెత్తుటి మడుగైన ఏళ్లు. అప్పుడు తుపాకులు పట్టిన మతఛాందసులు పాడేవాళ్లనీ రాసేవాళ్లనీ నటించేవాళ్లనీ వెతికి వెతికి చంపారు. ఆయన స్నేహితుడు యహ్యా అలాగే పోయాడు. యహ్యా నటుడు కాడు, నాటకాల్లో తెర పక్కన నిలబడి మాటలందించే మనిషి. “ఆ రోజు నేను ఊళ్లో లేను. ఓరాన్‌లో షూటింగ్. ఫోన్లో తెలిసింది” అన్నారు తాహర్ గారు. ఆ తర్వాత ఎనిమిదేళ్లు మార్సెయ్‌లో ఆస్పత్రి బట్టలు ఉతికే పని. తిరిగి వచ్చాక రంజాన్ నెలలో టీవీలో వచ్చే హాస్య ధారావాహికల్లో మతిమరపు తాతగా వేసి ఇంటింటికీ చుట్టమయ్యారు. వీధిలో పిల్లలు ‘అమ్మి తాహర్’ అని వెంటపడేవారట. అమ్మి అంటే వాళ్ల మాటలో బాబాయి.

గదికి వచ్చి, అన్నం కూడా తినకుండా, రికార్డు విందామని ఫోన్ తీశాను. పద్నాలుగు నిమిషాలు ఉంది. తర్వాత ఏమీ లేదు. మధ్యలో హైదరాబాద్ నుంచి ఎవరో ఫోన్ చేశారు, నేను కట్ చేశాను. దాంతో రికార్డింగ్ ఆగిపోయింది. నేను చూసుకోలేదు.

పేర్లు జారిపోతున్న మనిషి చెప్పిన మూడు గంటలు నా చేతుల్లోంచి జారిపోయాయి. గుర్తున్నవన్నీ కాగితం మీద రాస్తూ కూర్చున్నాను. ఊళ్ల పేర్లు ముందువెనకలయ్యాయి. ఆ వేషం ముందా, ఈ వేషం ముందా? తెలియదు.

శుక్రవారం భోజనం

శుక్రవారం వాళ్లింట్లో కుస్కుస్. గోధుమ రవ్వని ఆవిరి మీద మూడుసార్లు ఉడికించి, చేత్తో విడదీసి, పైన కూరగాయల పులుసు, మాంసం వేస్తారు. చూడ్డానికి మన ఉప్మాకి పెద్దక్కలా ఉంటుంది. పక్కన గ్లాసులో పల్చటి మజ్జిగ. మజ్జిగ చూడగానే నాకు కొంచెం ప్రాణం లేచొచ్చింది. అయినా రికార్డు సంగతి ఎలా చెప్పాలా అని ప్లేటు కెలుకుతూ కూర్చున్నాను.

అప్పుడే గంగారాం మూట కోసం వచ్చాడు. డ్యూటీ మధ్యలో కాసేపు వీలు దొరికితే బస్సుతోనే వచ్చి వీధి చివర ఆపాడు. ఖాకీ ప్యాంటు, మెడలో కార్డు, చెంపల దగ్గర నెరసిన జుట్టు. బడిలో నా వెనక బెంచీ వాడు.

“అక్కా, మంచిగొచ్చినవా? లక్ష్మి ఏమన్న శెప్పిందా?”

“ఫోన్ల రోజు మాట్లాడుతవు గదరా, నాకేం చెప్తది” అన్నాను.

మూట విప్పి చూసుకుని, “నాలుగు గరిజెలు తక్కువున్నయి. ఇరవై పెట్టిన్నన్నది” అన్నాడు. నేను నేరం ఒప్పుకున్నాను.

తాహర్ గారు బాల్కనీలోంచి బస్సును చూశారు. పొడుగ్గా, తెల్లగా, కిటికీలకు ఇనుప చువ్వలతో ఉంది. అది ఏమిటని అడిగారు. పొద్దున్నే పనివాళ్లను క్యాంపు నుంచి పనిచోటికి, సాయంత్రం తిరిగి క్యాంపుకి తీసుకెళ్లే బస్సని చెప్పాను. ఆయన చెప్పులేసుకుని కిందికి దిగారు. గంగారాం చెయ్యి పట్టుకుని పైకెక్కించాడు. మూడో వరసలో కిటికీ పక్కన పది నిమిషాలు కూర్చున్నారు.

“ఏంది కథ? ముదీర్ లెక్క కూసున్నడు” అని గంగారాం నాతో గుసగుసలాడాడు. ముదీర్ అంటే మేనేజరు. అతని ఊహకి నవ్వొచ్చింది.

దిగేటప్పుడు తాహర్ గారు అన్నారు: “మార్సెయ్‌లో మాకు బస్సు ఉండేది కాదు. లారీ. నిలబడి వెళ్లేవాళ్లం.”

భోజనాలయ్యాక నవాల్ ఆదివారం కార్యక్రమం గురించి చెప్పింది. అక్కడి అల్జీరియా వాళ్లు కొందరు కలిసి ఒక స్కూలు హాలులో నాన్నకి సన్మానం చేస్తున్నారు. పాత సినిమా ఒకటి వేస్తారు. చివర ఆయన మాట్లాడాలి. “యహ్యా గారబ్బాయి సమీర్ కూడా వస్తున్నాడు. దుబాయ్ ఇన్వెస్ట్‌మెంట్స్ పార్క్‌లో అల్యూమినియం ఫ్యాక్టరీలో ఇంజనీరు. వచ్చి రెండు నెలలే అయింది. ఫోన్ చేసి, వాళ్ల నాన్న గురించి మా నాన్న నోట వినాలని ఉందన్నాడు. తండ్రి పోయేటప్పటికి వాడికి రెండేళ్లు.”

తాహర్ గారు చేతిలోని చెంచా కింద పెట్టి, ఎంతసేపటికీ మళ్లీ తియ్యలేదు. నవాల్ చూడలేదు. నేను చూశాను.

రెండోసారి చెప్పిన కథ

శనివారం నవాల్ డ్యూటీకి వెళ్లాక నిజం చెప్పేశాను. మొన్న చెప్పినదంతా పోయిందని, తప్పు నాదేనని. ఆయన కోప్పడతారని చూశాను. ఆయన ముందుకు వంగి అడిగారు.

“ఎంత పోయింది?”

“మొదటి పద్నాలుగు నిమిషాలు తప్ప అంతా.”

“యహ్యా గురించి చెప్పింది?”

“అదీ పోయింది.”

“ఎవరికీ చెప్పలేదు కదా? ఎక్కడా రాయలేదా?”

“కాగితం మీద రాసుకున్నాను. ఎవరికీ చూపించలేదు.”

“ఆ కాగితం చింపండి” అన్నారు.

చింపాను. ఫోన్ ఆన్ చేయబోతే వద్దని చెయ్యి ఊపారు. తలుపు గడియ పడిందో లేదో లేచి వెళ్లి చూసి వచ్చి కూర్చున్నారు.

“నేను ఓరాన్‌లో లేను. ఆ రోజు మేమిద్దరం రిహార్సల్ గదిలో ఉన్నాం. దాని వెనక దుస్తులు పెట్టే చిన్న గది. నేను కోటు కోసం ఆ గదిలోకి వెళ్లాను. అప్పుడు ఇద్దరు కుర్రాళ్లు వచ్చారు. నా పేరు పెట్టి అడిగారు. మా ఇద్దరి మధ్య ఒక పల్చటి చెక్క తలుపు. నేను కోట్ల మధ్యన నిలబడిపోయాను. యహ్యా వాళ్లకి జవాబు చెప్పాడు. తర్వాత చప్పుడు. మూడుసార్లు.”

మళ్లీ ఒకసారి తలుపువైపు చూశారు.

“సినిమాల్లో పదకొండుసార్లు చచ్చాను కదా, నిజంగా వంతు వచ్చినప్పుడు కోట్ల వెనక నిలబడ్డాను. బయటికి రాలేదు. వాళ్లు వెళ్లాక కూడా అతని దగ్గరికి వెళ్లడానికి కాళ్లు రాలేదు. వెనక తలుపు నుంచి వెళ్లిపోయాను. యహ్యా భార్యతో ఓరాన్‌లో ఉన్నానని చెప్పాను. ముప్పై ఏళ్లుగా అదే చెబుతున్నాను. నవాల్‌కి కూడా అదే తెలుసు.”

“యహ్యా గారు వాళ్లకి ఏమని జవాబు చెప్పారు?”

“అది మీకు చెప్పేది కాదు మదామ్” అన్నారు. కోపంగా కాదు.

నేను గదికి వచ్చాక ఏం రాయాలో తెలియలేదు. రాస్తే ఆయన పరువు, రాయకపోతే నా వ్యాసం. రేపు ఆ హాలులో ఆయన మళ్లీ ఓరాన్ అనే అంటారా? ఎదురుగా ఆ అబ్బాయి కూర్చుని ఉంటే అనగలరా?

మఫ్రఖ్

ఆదివారం పొద్దున ఏడున్నరకి నవాల్ ఫోన్ చేసింది. మాట సగం ఫ్రెంచ్, సగం అరబ్బీ. నాన్న ఇంట్లో లేరు. ఫోన్ మంచం మీదే ఉంది. మందులు తీసుకెళ్లలేదు. మసీదులో అడిగింది, టీ కొట్టులో అడిగింది. ఎవరూ చూడలేదు.

నిన్న ఆయన చేత అదంతా చెప్పించింది నేనే. నవాల్‌తో కారెక్కాను. ముసఫ్ఫా వీధులన్నీ ఒక్కలాగే ఉంటాయి. ప్రతి గ్యారేజీ ముందూ ఒక ముసలాయన నిలబడి ఉన్నట్టే అనిపించింది. దగ్గరికి వెళ్తే వేరే మనిషి. ఖాదర్ భాయ్ ఒక్కడు కొంచెం ఆసరా ఇచ్చాడు. “ఆరు గంటలప్పుడు షట్టర్ తీస్తా ఉండానమ్మా. నైట్ డ్యూటీవాళ్ల బస్సు ఆగింది ఈడ. పెద్దాయన ఎక్కినట్టే ఉండాది, ఖాయంగా చెప్పలేను. కోటేసుకుని ఉన్నాడు.”

గంగారాంకి ఫోన్ చేశాను. మా ఊరి మాటే వచ్చింది నా నోట్లో.

“గంగారాం, ఆ ముసలాయన తప్పిపోయిండు. ఏదో బస్సెక్కిండట.”

“నువ్వు పరేషాన్ గాకక్కా. మా డ్రైవర్లది గ్రూపున్నది. ఫోటో పంపు.”

ఫోటో పంపాను. తర్వాతి గంట ఎలా గడిచిందో చెప్పలేను. తొమ్మిది దాటాక ఫోన్ మోగింది.

“అక్కా, దొరికిండు. మఫ్రఖ్‌ల మా క్యాంపులనే ఉన్నడు. మెస్సులున్నడట. నేనూ పోతున్న, మీరు రాండ్రి.”

మఫ్రఖ్ ఊరి బయట. ఎడారి అంచున వరసగా మూడంతస్తుల క్యాంపు బిల్డింగులు, వాటి వరండాల నిండా ఆరేసిన డ్యూటీ బట్టలు. ఆదివారం సెలవు కనుక అందరూ లోపలే ఉన్నారు. గేటు దగ్గర గంగారాం వాచ్‌మన్‌కి హిందీలో నచ్చచెప్పి మమ్మల్ని లోపలికి తీసుకెళ్లాడు. మెస్సు తలుపు దగ్గరికి వచ్చేసరికి లోపల పెద్ద గుంపు కనపడింది. మనుషుల కాళ్ల మధ్య నుంచి, నేలమీద, ఒక నల్ల కోటు. తాహర్ గారు వెల్లకిలా పడి ఉన్నారు. కళ్లు తెరిచే ఉన్నాయి. కదలిక లేదు.

నవాల్ అరిచింది.

తాహర్ గారు తలెత్తి మావైపు చూశారు. తర్వాత మోచేతి మీద లేచి కూర్చున్నారు. గుంపంతా ఒక్కసారి చప్పట్లు, ఈలలు. “ఇంకోపాలి సావు తాతా! గుర్రం మీదికెళ్లి వడ్డది మళ్లొకపాలి!” అని ఎవరో అరిచారు.

ఆయన నన్ను చూసి కొంచెం సిగ్గుపడ్డారు. “ఏం పని చేసేవాడివని అడిగినట్టున్నారు. వాళ్ల భాష నాకు రాదు, నాది వాళ్లకి రాదు. అందుకని చచ్చి చూపించాను. ఇది ఏడోది.”

నవాల్ ఆయన్ని పట్టుకుని ఏడ్చింది, తిట్టింది, మాత్రలు వేయించింది. మెస్సులో వాళ్లు బెంచీలు జరిపి మాకూ ప్లేట్లు పెట్టారు. అన్నం, ముద్దపప్పు, పచ్చిపులుసు. తాహర్ గారు వేళ్లతో కలుపుకుని తిన్నారు. పచ్చిపులుసు రెండుసార్లు పోయించుకున్నారు. ఆయన పేరు అడిగితే ‘అమ్మి తాహర్’ అన్నారట. ఉర్దూలో అమ్మి అంటే తల్లి కదా, మనవాళ్లకి అది పెద్ద నవ్వులాటయింది.

నవాల్ కారు తీయడానికి వెళ్లినప్పుడు ఆయన నెమ్మదిగా అన్నారు. “నేను సాయంత్రం రాను. ఒంట్లో బాగాలేదని చెప్పండి. ఆ అబ్బాయి ముందు నిలబడలేను.”

గంగారాం నా మొహం చూసి, “ఏమంటున్నడక్కా?” అని అడిగాడు. చెప్పవచ్చా అని తాహర్ గారివైపు చూశాను. తలూపారు. పేర్లు లేకుండా నాలుగు ముక్కల్లో చెప్పాను. స్నేహితుడు చనిపోయేటప్పుడు ఈయన పక్క గదిలోనే ఉన్నాడు, లేనని ఇంటివాళ్లకి చెప్పాడు, ఇప్పుడు కొడుకు వస్తున్నాడు.

గంగారాం ప్లేటులో వేలితో గీస్తూ మొదలుపెట్టాడు.

“కరోనా ఎనుక మా రూముల ఒకాయన పాణం వోయింది. మల్యాల ఆయన. శవం డబ్బ ఎంబడి నన్నే పంపిన్రు. ఇంటికాడ ఆయన పెండ్లాం ఏమడిగిందో ఎరికేనా? ఎట్ల పోయిండని అడగలే, పైసలని అడగలే. పక్కన ఎవలుండిరి అన్నది. గదొక్కటే అడుగుతుండె, తిప్పి తిప్పి. ఎవలు లేకుండిరక్కా, అందరం డ్యూటీల ఉంటిమి. ఆ ముచ్చట చెప్పుడున్నది సూడు...” అని ఆపేశాడు. తర్వాత తాహర్ గారివైపు గడ్డం చూపించి, “గీయన పక్కన్నే ఉండె గద. ఉన్ననని చెప్పుమను. ఆ పొలగానికి గదన్న దొరుకుతది” అన్నాడు.

నేను అనువాదం చేశాను. చేస్తూ ఒకచోట తడబడ్డాను. ‘పక్కన్నే ఉండె’ అన్న మాటకి ఫ్రెంచ్‌లో రెండు మూడు రకాలు ఉన్నాయి. తోచింది అన్నాను.

తాహర్ గారు గంగారాంని చూశారు. గుండె మీద చెయ్యి పెట్టుకున్నారు. కారులో కిటికీవైపు తిరిగి కూర్చున్నారు. సాయంత్రం వస్తారో రారో నాకూ తెలియలేదు, నవాల్‌కీ తెలియలేదు.

స్కూలు హాలు

వచ్చారు. అదే నల్ల కోటు, క్యాంపు నేల దుమ్ము దులిపించుకుని.

వందమంది దాకా ఉన్నారు. పిల్లలు సందుల్లో పరిగెడుతున్నారు. మన సభల్లాగే ఆలస్యంగా మొదలైంది, మన సభల్లాగే మైకు కుయ్యిమంది. శాలువా బదులు బంగారు అంచున్న తెల్లటి పొడుగు అంగీ కప్పారు. సినిమా వేశారు. తెరమీద ఎముకలు తేలిన కుర్రవాడు గుట్ట ఎక్కుతూ పడిపోయాడు. నా పక్కన కూర్చున్న ఎనభై రెండేళ్లాయన దాన్ని చూడలేదు. మొదటి వరస చివర్లో కూర్చున్న యువకుణ్ణి చూస్తున్నారు. సన్నగా, కళ్లజోడు, ఒళ్లో పూలగుత్తి. సమీర్.

మైకు దగ్గరికి పిలిచినప్పుడు ఆయన మెట్లెక్కడానికి నవాల్ సాయం చేసి వచ్చి నా పక్కన కూర్చుంది. ఆయన వాళ్ల అరబ్బీలో మాట్లాడుతున్నారు. అది నాకు రాదు. నవాల్ నా చెవిలో ఫ్రెంచ్‌లోకి చెబుతోంది. ధన్యవాదాలు. మొదటి సినిమా కబుర్లు. జనం నవ్వారు. ఒక దర్శకుడి పేరు గుర్తుకు రాక ఆగిపోయారు. ముందు వరసలోంచి ఎవరో పేరు అందించారు.

“ఇప్పుడు యహ్యా గురించి అంటున్నారు” అంది నవాల్. “మాటలందించేవాడు... నా అన్ని నాటకాల్లోనూ... ఆ రోజు నేను...”

అక్కడ ఆమె గొంతు ఆగిపోయింది. ఆయన మాట్లాడుతూనే ఉన్నారు. నవాల్ నోటిమీద చెయ్యి అడ్డం పెట్టుకుంది. ఒక్క ముక్క అర్థం కాకపోయినా ఆయన ఏం చెబుతున్నారో నాకు తెలుసు. అది విని ఆ అబ్బాయి ఏం చేస్తాడో తెలియదు. లేచి వెళ్లిపోతాడా? పైకెక్కి కొడతాడా?

సమీర్ లేచాడు. పూలగుత్తి కుర్చీలో పెట్టాడు. మెట్లెక్కి ఆయనకి ఎదురుగా నిలబడ్డాడు. ఏదో అడిగాడు. నవాల్ మెల్లగా గొంతు కూడదీసుకుంది.

“వాళ్లు అడిగినప్పుడు మా నాన్న ఏమన్నారు, అని అడుగుతున్నాడు.”

తాహర్ గారు కళ్లు మూసుకున్నారు. ఆయన మామూలు గొంతు లోతుగా, గరగరగా ఉంటుంది. ఇప్పుడు మైకులోంచి వచ్చింది వేరే గొంతు. సన్నగా, కొంచెం ముక్కుతో పలికినట్టు, చాలా నెమ్మదైనది. రెండే మాటలు.

“ఘీర్ అనా.”

“నేనొక్కణ్ణే ఉన్నాను,” నవాల్ చెప్పింది.

సమీర్ కదలలేదు. అది అతను పుట్టాక రెండేళ్లు మాత్రమే విన్న తండ్రి గొంతు. సినిమాల్లో లేదు, రేడియోలో లేదు. తెర పక్కన నిలబడి ఇతరులకు మాటలు అందించి పోయిన గొంతు.

“ఇంకోసారి” అన్నాడు. ఆ మాట ఫ్రెంచ్‌లోనే అన్నాడు, నాకు నేరుగా అర్థమైంది.

తాహర్ గారు మళ్లీ అన్నారు. సమీర్ మూడోసారి అడిగాడు. మూడోసారి కూడా అదే గొంతు, అంతే నెమ్మదిగా. అప్పుడు సమీర్ మైకు దగ్గరికి వంగి ఆ రెండు మాటలూ తనే అని చూశాడు. గొంతు మరీ గట్టిగా వచ్చింది.

తాహర్ గారు ఆ అబ్బాయి భుజం మీద చెయ్యి వేశారు. చెవి దగ్గర ఏదో అన్నారు. నవాల్ వైపు చూశాను.

“అంత గట్టిగా కాదు బాబూ, అంటున్నారు. మీ నాన్న ఎప్పుడూ మెల్లగా మాట్లాడేవాడు.”

సమీర్ తలూపి, కళ్లజోడు తీసి, మెల్లగా మళ్లీ అన్నాడు.